రంగం దస్తావేజు

ఉత్తరాంధ్ర తీరంలో పెద్దవాళ్ళు రంగూనును రంగూన్ అనరు, యాంగోన్ అని అసలే అనరు. రంగం అంటారు. "మా తాత రంగం వెళ్ళాడు", "అది రంగం సొమ్ముతో కట్టిన మేడ" అని చెప్పుకుంటారు. బారువ, కళింగపట్నం, భీమునిపట్నం, విశాఖ, కాకినాడ రేవుల్లో ఓడెక్కి బంగాళాఖాతం దాటితే వచ్చే ఊరు అది. కూలికి పోయినవాళ్ళు, మేస్త్రీలైనవాళ్ళు, రిక్షా లాగినవాళ్ళు, చిన్న దుకాణం పెట్టుకున్నవాళ్ళు, నాలుగు రాళ్ళు వెనకేసి అక్కడే జాగా కొనుక్కున్నవాళ్ళు, అందరికీ రంగం రెండో సొంతూరు. ఆ జాగాల సంగతి ఏమైందని నేనడిగేది. టేకు పెట్టె అడుగున మడతలు చిరిగిపోతున్న కాగితాలుగా మిగిలాయి.

ఆ కాలపు క్రయ దస్తావేజు ఎలా ఉండేదో కాస్త దగ్గరగా చూద్దాం. పైన రాజుగారి తల అచ్చొత్తిన స్టాంపు. కింద ఇంగ్లీషు టైపు. అమ్మినవాడి పేరు, తండ్రి పేరు, కొన్నవాడి పేరు, తండ్రి పేరు, వృత్తి, కాపురం. ఆపైన షెడ్యూలు: ఏ బ్లాకు, ఎన్నో లాటు, ఏ తరగతి, ఎన్ని అడుగుల ముఖం, ఎన్ని అడుగుల లోతు, నాలుగు హద్దులు. అట్టడుగున సంతకం రానివాడి ఎడమచేతి బొటనవేలి ముద్ర, పక్కనే అది ఫలానావాడి నిశాని అని గుమాస్తా రాసిన ముక్క. బస్తాలు మోసిన వేలికి గీతలు అరిగిపోతాయి, ముద్ర మసకగా పడుతుంది. వెనకవైపు సబ్ రిజిస్ట్రారు ముద్ర, పుస్తకం నంబరు, పుటల నంబర్లు. ఆ వేలిముద్ర పెట్టినవాడికి కాగితం మీద ఏముందో చదవడం రాదు. కానీ అది ఉంటే జాగా తనదేనని మాత్రం గట్టిగా తెలుసు.

తప్పు అతని నమ్మకంలో లేదు. కాకినాడలో అమలైన 1882 ఆస్తి బదిలీ చట్టమే రంగూన్‌లోనూ అమలైంది, 1908 రిజిస్ట్రేషన్ చట్టమూ అదే. ఒకే స్థలాన్ని ఒకడు ఇద్దరికి రాసిస్తే ఎవరిది నెగ్గుతుందో మన రిజిస్ట్రారాఫీసు చెట్టు కింద కూర్చునే ఏ దస్తావేజు లేఖరిని అడిగినా చెబుతాడు. ముందు రాసిందే నెగ్గుతుంది. ఆస్తి బదిలీ చట్టం 48వ సెక్షన్ చెప్పేది అదే. రిజిస్టరైన దస్తావేజుకు బలం వచ్చేది కూడా రిజిస్టరైన రోజు నుంచి కాదు, రాసుకున్న రోజు నుంచి అని రిజిస్ట్రేషన్ చట్టం 47వ సెక్షన్ చెబుతుంది. ముందరివాడి హక్కు ముందరివాడిదే. ఆ న్యాయం రంగూన్ కోర్టు గదుల్లో చెల్లింది. రంగూన్ ఊరికి మాత్రం చెల్లలేదు. అక్కడ దొర మారినప్పుడల్లా, చివర వచ్చిన కాగితం ముందు కాగితాలన్నిటినీ మింగేసింది.

అసలు మొదటి కాగితమే అలా పుట్టింది. 1755లో అలౌంగ్‌ఫయా రాజు పెట్టిన యాంగోన్ అనే పేరుకు పగలు తీరిన చోటు అని అర్థం చెబుతారు. 1852లో రెండో బర్మా యుద్ధంలో ఇంగ్లీషువాళ్ళు ఆ ఊరిని పట్టుకున్నారు. పట్టుకోగానే ఊళ్ళో నేలంతా సర్కారుదని ప్రకటించారు. అంతకుముందు అక్కడ ఇళ్ళు కట్టుకుని బతికినవారి హక్కు లెక్కలోకి రాలేదు. మాంట్‌గోమరీ అనే వైద్యుడు, ఫ్రేజర్ అనే సైనిక ఇంజనీరు కలిసి సూలే పగోడా నడుమ ఉండేలా చదరంగం బల్లలాంటి కొత్త పట్నానికి ప్లాను గీశారు. వెడల్పాటి రాజమార్గాలు, వాటి మధ్య ముప్పై అడుగుల సన్నని వీధులు, వీధుల మధ్య నంబర్లు వేసిన లాట్లు. పోటునీళ్ళు ఎక్కే పల్లపు నేలను పూడ్చి, లాట్లుగా కోసి సర్కారు అమ్మింది. రంగూన్‌లో ఏ స్థలానికైనా లింకు డాక్యుమెంట్లు తవ్వుకుంటూ వెనక్కి పోతే చివరికి తగిలేది ఆ అమ్మకమే. దానికి వెనక ఉన్నది యుద్ధం. తర్వాత మనవాళ్ళకు జరిగింది తలుచుకుని బాధపడేటప్పుడు ఈ మొదటి సంగతి కూడా గుర్తుండాలి. ఆ ఊళ్ళో అన్యాయం మనతో మొదలు కాలేదు.

ఆ పట్నానికి బరువు మోసే చేతులు కావలసివచ్చాయి. కాకినాడ పక్క కోరంగి రేవు నావికులు అంతకుముందే బర్మా తీరానికి సరుకు తోలేవారు. ఆ పేరు మీదుగానే తెలుగువాళ్ళందరినీ అక్కడ కొరింగీలన్నారు. మేస్త్రీ ఊరికి వచ్చి బయానా ఇస్తాడు. ఓడ టిక్కెట్టు, దారి ఖర్చు అప్పులో కలుస్తాయి. రంగూన్ ఓడరేవులో, బియ్యం మిల్లుల్లో, రంపపు మిల్లుల్లో ఆ అప్పు తీరేదాకా చాకిరీ. పగటి పనివాళ్ళు లేచిన చోట రాత్రి పనివాళ్ళు పడుకునే కిక్కిరిసిన గదులు. 1931 జనాభా లెక్కల్లో రంగూన్ జనం నాలుగు లక్షలైతే అందులో రెండు లక్షల పన్నెండు వేలకు పైగా భారతీయులే. బర్మా మొత్తం మీద తెలుగువాళ్ళు లక్షన్నరకు పైమాటే. సగానికి పైగా మనవాళ్ళతో నిండిన ఊరు అది. బజార్లో హిందుస్తానీ వస్తే చాలు, బర్మా మాట రాకపోయినా రోజు గడిచిపోయేది. పరాయి ఊళ్ళో ఉన్నామన్న సంగతి మరిచిపోవడానికి అంతకంటే ఏం కావాలి?

మరవొద్దని 1930 మే నెల చెప్పింది. ఓడరేవులో తెలుగు కూలీలు కూలి పెంచమని సమ్మె కట్టారు. కంపెనీలు వాళ్ళ స్థానంలో బర్మావాళ్ళను దింపాయి. సమ్మె తీరగానే బర్మావాళ్ళను పొమ్మన్నాయి. మే 26న కత్తులు లేచాయి. వందమందికి పైగా చచ్చిపోయారు, వాళ్ళలో ఎక్కువమంది తెలుగు కూలీలు. కూలి తగ్గించుకోవడానికి ఇద్దరు పేదవాళ్ళను ఒకరి మీదికి ఒకరిని ఉసిగొల్పిన పని అది. తలుచుకుంటే ఇప్పటికీ కడుపు రగులుతుంది. ఆ గొడవ తర్వాత చాలామంది ఓడెక్కి వెనక్కి వచ్చేశారు. మళ్ళీ కొన్ని నెలలకే వెళ్ళారు. ఊళ్ళో ఏముంది గనక?

కూలీలకు ఆస్తులుండవు. మేస్త్రీలకు, కంట్రాక్టర్లకు, దుకాణదార్లకు మాత్రం చిన్నవో పెద్దవో లాట్లు ఉండేవి. ఆ లాటుతో పాటు ఇంకో చిక్కు కూడా వచ్చేది. దస్తావేజును అప్పిచ్చినవాడి చేతిలో పెడితే చాలు, అదే తాకట్టు అయ్యే వీలు ఆస్తి బదిలీ చట్టం కొన్ని పట్నాలకే ఇచ్చింది. ఆ జాబితాలో కలకత్తా, మద్రాసు, బొంబాయి, కరాచీలతో పాటు రంగూన్, మౌల్మేన్, బస్సేన్, అక్యాబ్ ఉన్నాయి. రాతకోతలు అక్కర్లేదు, రిజిస్ట్రేషన్ అక్కర్లేదు. దాంతో అవసరం పడినప్పుడల్లా దస్తావేజు ఇంట్లోంచి మొగల్ స్ట్రీటులో వడ్డీవ్యాపారి చెట్టియార్ ఇనప్పెట్టెలోకి వెళ్ళేది. కూతురి పెళ్ళికి ఒకసారి, ఊళ్ళో పొలానికి ఒకసారి. జాగా మనది, కాగితం ఆయన దగ్గర. ఇద్దరూ అదే ఊళ్ళో ఉన్నంతకాలం దానివల్ల ఏ ఇబ్బందీ లేదు.

1937 ఏప్రిల్ 1న బర్మాను ఇండియా నుంచి విడదీశారు. అంతకుముందు రోజు దాకా కాకినాడలో ఇల్లు, రంగూన్‌లో ఇల్లు ఒకే దేశంలో రెండు ఇళ్ళు. మర్నాడు ఒకటి స్వదేశంలో, ఒకటి విదేశంలో. లాటు అంగుళం జరగలేదు. దస్తావేజులో అక్షరం మారలేదు. అయినా దాన్ని పట్టుకున్న మనిషి మారిపోయాడు. ఈ మార్పు ఎంత లోతైనదో ఆ రోజు ఎంతమందికి తట్టి ఉంటుందో చెప్పలేను.

ఆ తర్వాత 1941 డిసెంబరు 23. జపాన్ విమానాలు రంగూన్ మీద బాంబులు వేశాయి. వింతగా చూస్తూ వీధుల్లో నిలబడినవాళ్ళు నిలబడినట్టే పడిపోయారు. ఓడరేవు కూలీలు చెల్లాచెదురయ్యారు. క్రిస్మస్ రోజున మళ్ళీ వేశాయి. 1942 మార్చి 8న జపాన్ సైన్యం ఊళ్ళోకి వచ్చేనాటికి వీధులు ఖాళీ. ప్రోం మీదుగా తౌంగుప్ కనుమ దాటి అక్యాబ్‌కు కొందరు, తమూ దారిన మణిపురానికి కొందరు, నాలుగు లక్షలమందికి పైగా కాలినడకన బయల్దేరారు. కలరాతో, ఆకలితో వేలమంది దారిలోనే రాలిపోయారు. మా తీరప్రాంతంలో ఆ నడక గురించి చెప్పేవాళ్ళు ఎక్కువగా చెప్పరు. బతికొచ్చామంటారు, అక్కడితో ఆపేస్తారు.

ఆ పరుగులో దస్తావేజు ఎవరికి గుర్తుంటుంది? చెట్టియార్ ఇనప్పెట్టెలో ఉన్నదాని సంగతి చెట్టియారుకే తెలియదు, ఆయనా పరుగులోనే ఉన్నాడు. అంతకంటే అన్యాయమైపోయినవారు ఇంకొకరున్నారు. దస్తావేజు రాసుకున్నాక నాలుగు నెలల్లోగా రిజిస్ట్రేషన్‌కు పెట్టాలని చట్టం. 1941 నవంబరులో డబ్బు కట్టి, స్టాంపు కాగితం మీద రాయించుకుని, తీరిగ్గా రిజిస్టరు చేయిద్దామనుకున్నవాడి నాలుగు నెలలు తౌంగుప్ కనుమలో గడిచిపోయాయి. ఇంకో నాలుగు నెలలు జరిమానాతో గడువిచ్చే వీలుంది. ఆ గడువు అడగడానికి ఆఫీసేదీ? నూరు రూపాయలు, ఆపైన విలువైన స్థిరాస్తికి రిజిస్టరు కాని క్రయ దస్తావేజు కోర్టులో హక్కు పుట్టించదు. పొజిషన్‌లో ఉన్నవాడైతే ఆస్తి బదిలీ చట్టం 53ఎ సెక్షన్ అడ్డు పెట్టుకుని కొంత నిలదొక్కుకుంటాడు. పొజిషన్ వదిలి పారిపోయివచ్చినవాడు దేన్ని అడ్డు పెట్టుకుంటాడు?

ఖాళీ ఇళ్ళు ఖాళీగా ఉండవు. తాళం ఇచ్చి వచ్చిన కాపలాదారు, అద్దెకున్నవాడు, బాంబుకు ఇల్లు పోయి నీడ కోసం వచ్చినవాడు, ఎవరో ఒకరు అందులో చేరారు. జపాన్ నోట్ల కాలంలో అమ్మకాలూ జరిగాయి. 1945 మేలో ఇంగ్లీషు సైన్యం తిరిగి వచ్చి ఆ నోట్లు చెల్లవంది. నోటు చెల్లకపోతే ఆ నోటుతో కొన్న జాగా చెల్లుతుందా? ఆ మూడేళ్ళ లావాదేవీలకు విలువ కట్టడానికే 1947లో బర్మా ప్రత్యేకంగా ఒక చట్టం చేసుకోవలసి వచ్చింది.

యుద్ధం ముగిశాక పాన్‌సొడాన్ వీధి హైకోర్టు మెట్లు ఎక్కినవారి చేతుల్లో ఎలాంటి కాగితాలు ఉండగలవో ఆలోచించండి. అప్పుడది ఫేర్ స్ట్రీటు. గడియారపు గోపురంతో ఉన్న ఆ ఎర్ర ఇటుకల మేడ 1911లో పూర్తయింది. ఒకరి చేతిలో యుద్ధానికి ముందు రిజిస్టరైన క్రయ దస్తావేజు. ఇంకొకరి చేతిలో అదే లాటుకు జపాన్ కాలపు క్రయ దస్తావేజు. మూడోవాడి దగ్గర దస్తావేజే లేదు, కానీ ఇంట్లో ఉన్నది అతనే. కాగితం ప్రకారం మొదటివాడే నెగ్గాలి. అయితే నెగ్గాలంటే ముందు అతను రంగూన్‌లో అడుగుపెట్టాలి. 1947 వలస చట్టంతో పర్మిట్ లేనిదే బర్మాలో అడుగుపెట్టే వీలు పోయింది. వాది సముద్రానికి ఇవతల, స్థలం అవతల.

అదే ఏడాది వచ్చిన స్థిరాస్తి బదిలీ నిషేధ చట్టం మెడకు ఉరిలా బిగుసుకుంది. విదేశీయులకు స్థలం అమ్మకూడదు, ఏడాదికి మించి లీజుకు ఇవ్వకూడదు. విదేశీయుడైపోయిన తెలుగువాడు తన లాటును సాటి తెలుగువాడికి అమ్మలేడు. బర్మా పౌరుడికే అమ్మాలి, ఆయన చెప్పిన ధరకే అమ్మాలి. లేదంటే బినామీ. నమ్మకస్తుడైన గుమాస్తా పేరనో, అక్కడ కాపురం పెట్టుకున్న బర్మా భార్య పేరనో రాసి పెట్టడం. అసలు కొన్నది నేనే, పేరు మాత్రమే వాడిదని రాసుకునే లోపలి కాగితం కోర్టుకు చూపించలేనిది. చూపిస్తే చట్టం తప్పించానని ఒప్పుకున్నట్టే. బినామీదారు ఆ జాగాను ఇంకొకరికి అమ్మేస్తే, కొన్నవాడు మంచి నమ్మకంతో, విచారించుకుని కొన్నానంటాడు. పైకి యజమానిలా కనిపించేవాడి దగ్గర కొన్నవాడిని ఆస్తి బదిలీ చట్టం 41వ సెక్షన్ కాపాడుతుంది. ఆ సెక్షన్ మోసగాళ్ళ కోసం పుట్టింది కాదు. కానీ అది కాపాడినచోటల్లా ఇంకొకరు పోగొట్టుకున్నారు.

భార్యల మాట వచ్చింది కాబట్టి ఇక్కడ కాస్త ఆగుతాను, ఈ కథలో నాకు అన్నిటికంటే బరువనిపించేది ఇదే. ఊళ్ళో పెళ్ళాం, పిల్లలు. రంగంలో ఇంకో కాపురం. మగవాళ్ళు ఏళ్ళతరబడి ఉండిపోయిన చోట ఇది రహస్యం కాదు, ఊళ్ళో ఆడవాళ్ళకూ తెలుసు. బౌద్ధ స్త్రీల వివాహ, వారసత్వ చట్టం బర్మాలో 1939లో వచ్చింది, 1954లో దాన్ని తిరగరాశారు. పరమతస్థుణ్ణి కట్టుకున్న బర్మా స్త్రీకి, ఆమె బిడ్డలకు మొగుడి ఆస్తిలో హక్కు రావాలని దాని ఉద్దేశం. న్యాయమైన ఉద్దేశమే. అన్యాయం జరిగింది ఆ స్త్రీలకు కూడా. ఓడెక్కి వెళ్ళిపోయిన మనిషి కోసం ఏళ్ళు కాచుకున్నవాళ్ళు వాళ్ళు. ఇవతల హిందూ ధర్మం ప్రకారం కొడుకు వారసుడు. మనిషి చచ్చిపోయాక ఒకే లాటుకు రెండు చట్టాల కింద ఇద్దరు వారసులు తయారవుతారు. రంగూన్‌లో ఉన్న ఆమె కడుపు నింపుకోవడానికి ఒకరికి అమ్ముతుంది. శ్రీకాకుళంలో ఉన్న కొడుకు వకీలుకు పవరిచ్చి ఇంకొకరికి అమ్మజూపుతాడు. ఇద్దరూ అబద్ధమాడలేదు. ఇద్దరి దస్తావేజుల్లోనూ 'నాకు సర్వహక్కులు కలిగిన' అన్న మాట ఉంటుంది. ఇలాంటి దావాలో ఎవరు గెలిచినా అటు ఒక ఇంట్లో ఏడుపే.

1948 జనవరి 4న బర్మా స్వతంత్రమైంది. ఆ ఏడాదే భూముల జాతీయకరణ చట్టం వచ్చింది. దిగువ బర్మాలో 1930ల చివరికి నాలుగో వంతు వరిభూమి చెట్టియార్ల చేతికి వచ్చి ఉంది, ధరలు పడిపోయినప్పుడు అప్పు తీర్చలేని రైతుల నుంచి. ఆ రైతు కోపం న్యాయమైనదే. ఆ కోపం భారతీయులందరి మీదా ఒకేలా పడింది. వడ్డీకి ఇచ్చినవాడూ పరాయివాడే, బస్తా మోసినవాడూ పరాయివాడే.

1962 మార్చి 2న జనరల్ నే విన్ సైన్యంతో అధికారం పట్టాడు. 1963, 64లలో బ్యాంకులు, మిల్లులు, ఆఖరికి వీధి చివరి దుకాణాలు కూడా సర్కారువయ్యాయి. 1964 మేలో యాభై, నూరు క్యాట్ల నోట్లు రద్దయ్యాయి. ఇండియా సర్కారు ఓడలు పంపింది. ఒంటి మీది బంగారం రేవులోనే ఒలిచి ఇచ్చి ఎక్కారు మనవాళ్ళు. విశాఖలో కంచరపాలెం దగ్గర బర్మా క్యాంపు అని ఇప్పటికీ పిలుస్తారు. అలా వచ్చినవాళ్ళ ఆనవాలు అది. వాళ్ళు వదిలిన ఇళ్ళు కొన్ని సర్కారు చేతికి వెళ్ళాయి, కొన్ని 1960 అద్దె నియంత్రణ చట్టం నీడలో అద్దెకున్నవారి దగ్గరే ఉండిపోయాయి. యజమాని అద్దె వసూలుకు రాడు. పన్నెండేళ్ళు అలా గడిస్తే, ఇల్లు తనదేనంటూ ఎదురు లేకుండా ఆక్రమణలో ఉన్నవాడి మీద దావా వేసే హక్కు పోతుంది, దాంతోపాటు ఆస్తి మీద హక్కే పోతుంది. 1908 కాలపరిమితి చట్టం మాట అది. 1964లో ఓడెక్కినవాడి పన్నెండేళ్ళు 1976కు నిండాయి. బర్మా క్యాంపులో ఉన్నవాడికి ఆ రోజు వచ్చి పోయిందని ఎవరు చెబుతారు? ఆ ఏడాది కూడా అతను పెట్టె తెరిచి చెదలు పట్టాయేమోనని చూసుకునే ఉంటాడు.

ఇప్పటి యాంగోన్‌లో ఆ తెగిన లింకుల మీదే జనం కాపురాలున్నాయి. మామూలు అపార్ట్‌మెంటుకు విడిగా పట్టా ఉండదు. కింద నేల ఎప్పటివాడి పేరనో ఉంటుంది, పైన ఫ్లాటు స్టాంపు కాగితం మీద రాసుకున్న ఒప్పందంతో చేతులు మారుతుంది. కొన్నవాడికి రిజిస్టరైన దస్తావేజుకు బదులు జనరల్ పవర్ ఆఫ్ అటార్నీ దక్కుతుంది. ఆ పవరిచ్చినవాడు చచ్చిపోతే అదీ చచ్చిపోతుంది. హైదరాబాద్ శివార్లలో జీపీఏ మీద ప్లాటు కొన్నవాళ్ళకు ఈ భయం కొత్తగా చెప్పనక్కర్లేదు. 1908 రిజిస్ట్రేషన్ చట్టం పోయి 2018లో అక్కడ కొత్త చట్టం వచ్చింది. కొత్త చట్టం పాత లాట్లకు యజమానులను పుట్టించలేదు.

ఎంత పెద్దవాళ్ళకైనా ఆ ఊళ్ళో నేల నిలకడగా లేదు. ఇన్యా సరస్సు గట్టున యూనివర్సిటీ ఎవెన్యూ 54వ నంబరు ఇల్లు, దాదాపు రెండెకరాలు. హత్యకు గురైన బర్మా స్వాతంత్ర్య నాయకుడు ఆంగ్‌సాన్ భార్య ఖిన్‌చీ అందులో కాపురమున్నారు. కూతురు ఆంగ్‌సాన్ సూచీ ఆ ఇంట్లోనే ఏళ్ళతరబడి గృహనిర్బంధంలో గడిపారు. అన్న ఆంగ్‌సాన్ ఊ వాటా కోసం 2000లో దావా వేశారు. రెండు దశాబ్దాలు నడిచింది. 2021లో సైన్యం సూచీని మళ్ళీ చెరలో పెట్టాక, 2022లో సుప్రీంకోర్టు ఇంటిని వేలం వేసి పంచమంది. 2024 మార్చి 20న వేలం పెట్టారు. కనీస ధర 31,500 కోట్ల క్యాట్లు. పాట పాడటానికి ఒక్కరూ రాలేదు.

పెట్టెలో కాగితం దగ్గరికి వస్తాను. షెడ్యూల్లో హద్దులు చూడండి. ఉత్తరాన ఒక చెట్టియారు గారి లాటు. చెట్టియారు లేడు. దక్షిణాన ఒక సూరతీ వర్తకుడి గోడౌను. గోడౌను లేదు, వర్తకుడూ లేడు. పడమర మన మేస్త్రీ మేనల్లుడి ఇల్లు. అతను తౌంగుప్ దారిలో పోయాడు. తూర్పున ముప్పై అడుగుల వీధి. డల్హౌసీ స్ట్రీటు మహాబందూలా అయింది, ఫ్రేజర్ స్ట్రీటు అనోరథా అయింది, మొగల్ స్ట్రీటు ష్వేబొంథా అయింది. ఆ చిన్న వీధులకు పేర్లు లేవు, నంబర్లే. నంబర్లు మారలేదు. ఇవాళ వెళ్ళి అడిగినా ఆ వీధి ఎక్కడుందో ఎవరైనా చూపిస్తారు.